ఆ గుమ్మం వెనుక ఎవరో ఉన్నారు

వెనిస్ నగరం ఉత్తరపు ఒడ్డున ఫొండమెంతే నోవే అనే రేవు ఉంది. అక్కడ 12వ నంబరు పడవ ఎక్కితే మురానో మీదుగా ముప్పావు గంటలో బురానో వస్తుంది. ఉప్పునీటి సరస్సు మధ్య చిన్న దీవి అది. జనాభా రెండు మూడు వేల మధ్య ఉంటుంది. ఇరుకు కాలువలకు అటూ ఇటూ ఒకదాన్నొకటి ఆనుకుని చిన్న చిన్న ఇళ్లు. ఒకటి పసుపు, పక్కది ముదురు నీలం, దాని పక్కది గులాబీ, ఆపైది పండుమిరప రంగు. గుమ్మాలకు చారల గుడ్డ తెరలు, కిటికీల కింద తాళ్లమీద ఆరేసిన బట్టలు, ఇళ్ల కప్పుల పైన ఓ పక్కకు ఒరిగిపోయిన చర్చి గంటల గోపురం. మనవాళ్ల యూరప్ ప్యాకేజీల్లో వెనిస్‌కు కేటాయించిన సమయంలో ఈ దీవికి దక్కేది గంటో రెండు గంటలో. పడవ దిగగానే గైడ్ గొడుగు పైకెత్తుతుంది. వెనకాల మనం.

రంగుల కథ అన్ని బృందాలకూ దాదాపు ఒకే తీరుగా చెబుతారు. చేపల వేటకెళ్లిన మగవాళ్లు పొగమంచులో తిరిగి వచ్చేటప్పుడు తమ ఇల్లు ఏదో దూరం నుంచే గుర్తుపట్టడానికి గోడలకు గాఢమైన రంగులు వేసుకున్నారట. ఏ గోడ ఎక్కడ ఆగి పక్కవాళ్లది ఎక్కడ మొదలవుతుందో తెలియడానికని కొందరంటారు. ప్లేగు రోజులతో ముడిపెట్టే కథ కూడా ఒకటుంది. ఏది నిజమైనా, ఇవాళ బురానోలో ఇంటి యజమాని తన గోడకు తనకు నచ్చిన రంగు వేసుకోలేడు. నగరపాలక సంస్థకు అర్జీ పెట్టుకుంటే, ఆ స్థలానికి ఏ రంగులు చెల్లుతాయో వాళ్లు చెబుతారు. ఉప్పుగాలికీ కింద నుంచి ఎగబాకే తేమకూ పూత పెచ్చులుగా రాలుతూనే ఉంటుంది, మళ్లీ మళ్లీ వేయించాల్సిందే. మన ఫొటో అంత అందంగా రావడం వెనుక ఒక కట్టుబాటు ఉంది, ఒకరి చేతి ఖర్చు ఉంది. మనం మాత్రం అదేదో ప్రకృతి ప్రసాదించిన ఇంద్రధనుస్సు అన్నట్టు కెమెరా తీస్తాం.

కాలువగట్టున వీధి నలుగురు పక్కపక్కన నడవలేనంత ఇరుకు. బృందం ఆగిందంటే దారి మూసుకుపోయినట్టే. బజారు నుంచి కూరగాయల సంచితో వచ్చే ముసలమ్మ తన ఇంటి ముందు మనం ఫొటో దిగడం పూర్తయ్యేదాకా పక్కన నిలబడాలి. ఇంటి బయట వేసిన కుర్చీ ఆమెది. అందులో మన పిల్లను కూర్చోబెట్టి, మెడ ఇటు తిప్పమంటాం, నవ్వమంటాం. గుమ్మం తెర ఓ మూల తొలగించి లోపలెలా ఉందో చూడాలనిపిస్తుంది, చూసేవాళ్లూ ఉన్నారు. తాడు మీది లోదుస్తులు కూడా మనకు ‘స్థానిక జీవితం’ కిందికే వస్తాయి. అదే హైదరాబాద్‌లోనో రాజమండ్రిలోనో మన అపార్ట్‌మెంట్ బాల్కనీ కింద తెలియనివాళ్లు పాతికమంది నిలబడి, ఆరేసిన మన బట్టల్ని ఫొటో తీస్తే వాచ్‌మన్‌ను కేకేస్తాం.

ఇందులో ఒక్కొక్కరినీ విడదీసి అడిగితే ఎవరూ దోషి కాదు. నేను ఒక్క ఫొటోనే కదా తీసుకున్నాను, ఒక్క నిమిషమే కదా ఆగాను అంటాం. నిజమే. ఆ ఒక్క నిమిషం ఉదయం పది నుంచి సాయంత్రం దాకా వచ్చిన ప్రతి మనిషిదీ కలిస్తే అది ఆ ఇంటివాళ్ల రోజు మొత్తం. మనం పాపం గురించి నేర్చుకున్న లెక్కంతా ఒక్కో మనిషిదే. ఎవడు చేసింది వాడి ఖాతాలో పడుతుందనే పెంపకంలో పెరిగాం. అందరం కలిసి, ఎవరమూ చెడ్డవాళ్లం కాకుండానే చేసే అపకారానికి ఆ లెక్కలో గడి లేదు. అందుకే ఇక్కడ ఒక్కొక్కరి మంచితనాన్ని నమ్ముకుంటే చాలదు. గుంపుగా వెళ్లేవాళ్లకు గుంపుగానే ఒక మనస్సాక్షి ఉండాలి.

మన సినిమా పాటలకు కూడా ఇందులో కొంత వాటా ఉందని నా అనుమానం. దశాబ్దాలుగా మన నాయికానాయకులు ఐరోపా వీధుల్లో ఆడిపాడారు. వాళ్ల వెనక సైకిల్ తొక్కుకుంటూ పోయే మనిషికి పేరు లేదు, పని లేదు, మాట లేదు. పరాయి ఊరంటే వెనకాల వేలాడదీసిన తెర అని మన కళ్లకు అలవాటైపోయింది. ఇప్పుడు ప్రతి చేతిలోనూ కెమెరా వచ్చాక నాయకుడి స్థానంలో మనమే నిలబడ్డాం. ఆ సైకిల్ మనిషి ఫ్రేములోంచి ఎప్పుడు తప్పుకుంటాడా అని ఎదురుచూస్తున్నాం.

బురానోలో గైడ్ తప్పకుండా ఆపే చోటు ఒకటుంది. బేపీ ఇల్లు. గోడంతా వృత్తాలు, త్రిభుజాలు, చతురస్రాలు, రకరకాల రంగుల్లో. బేపీ ఊళ్లో సినిమా హాలులో పనిచేసినవాడు, పిల్లలకు మిఠాయిలు అమ్మినవాడు. హాలు మూతపడ్డాక సాయంత్రాలు బయట ఒక దుప్పటి కట్టి వీధి పిల్లలకు బొమ్మల సినిమాలు వేసి చూపించేవాడు. మిగతా సమయంలో తన ఇంటి గోడమీద ఆకారాలు గీస్తూ, మార్చి మార్చి రంగులు వేస్తూ ఉండేవాడు. అతను పోయి ఇరవై ఏళ్లు దాటింది. గోడ మిగిలింది. ఆ రంగులు వేసింది మనకోసం కాదు. ఆ వీధిలో ఆడుకునే పిల్లల కోసం, పక్కింటివాళ్ల కోసం, బహుశా తన సరదా కోసం. ఇప్పుడు ఆ గోడ ముందు వరస కడుతున్నాం. దుప్పటి మీద సినిమా చూసే పిల్లలెంతమంది మిగిలారని మాత్రం అడగం. వెనిస్ ప్రధాన నగరంలో 1951లో సుమారు లక్షా డెబ్బై అయిదు వేలమంది ఉండేవారు, 2022 నాటికి యాభై వేల కంటే కిందికి పడిపోయారు. ఇళ్లు అలాగే ఉన్నాయి, వాటిల్లో పడుకునేవాళ్లు రోజుకొకరు మారుతున్నారు. బురానో ఇంకా అంతదూరం పోలేదు, పోయే దారి మాత్రం అదే. ఆ దారి పట్టకూడదనే 1980లలో పక్కనున్న మజ్జోర్బో దీవిలో జాంకార్లో దె కార్లో అనే వాస్తుశిల్పి మామూలు జనానికి ప్రభుత్వ గృహాలు కట్టాడు. వాటికీ రంగులే వేశాడు. బురానోకూ మజ్జోర్బోకూ మధ్య ఉన్నది ఒక చెక్క వంతెన మాత్రమే. అయినా గైడ్లలో చాలామంది అటు తీసుకెళ్లరు. మనుషులు నిజంగా అక్కడే ఉండాలంటే ఏం చేయాలో చెప్పే ఇళ్లు అవి, మనకు చూపించాల్సినవి అవే.

ఇక ఈ దీవి లేసు సంగతికి వస్తే కాసేపు నిలబడాలి.

16వ శతాబ్దంలో వెనిస్ ప్రాంతపు స్త్రీలు గుడ్డ ఆధారం లేకుండా, ఉత్త సూదితో, ఉత్త దారంతో గాలిలో కుట్టినట్టుండే లేసును కనిపెట్టారు. నమూనాను గట్టి కాగితం మీద గీసి, గీతల వెంట దారం పరిచి, దాన్ని పట్టుకుని కుట్టు మీద కుట్టు వేస్తూ పోతారు. చివర్లో కింది దారాలు కోసేస్తే కాగితం ఊడిపోయి లేసు చేతికొస్తుంది. ఒక్క ముక్కలో పని అంచెలంచెలుగా చేతులు మారుతుంది. ఒకామె నమూనా గీస్తే ఒకామె అంచు కుడుతుంది, మరొకామె లోపలి వల అల్లుతుంది. చిన్న ముక్కకే వారాలు పడుతుంది. దాని ధర తెలిసిన ఫ్రాన్స్ మంత్రి కోల్బేర్ 1660లలో వెనిస్ పనివాళ్లను తన దేశానికి రప్పించుకుని అక్కడ పరిశ్రమ పెట్టించాడు. తరవాత వెనిస్ గణతంత్రమే కూలింది, పట్టుబట్టల రోజులు పోయాయి, బురానోలో ఆ కుట్టు దాదాపు మరుగునపడింది.

1872 చలికాలం ఎంత తీవ్రంగా వచ్చిందంటే సరస్సు గడ్డకట్టి వేట ఆగిపోయింది. దీవిలో ఆకలి. ఏం చేద్దామని వెతికినవాళ్లకు చెన్చా స్కార్పారియోలా అనే డెబ్బై దాటిన ముసలావిడ కనబడింది. పాత కుట్టు ఆమె చేతికి ఇంకా గుర్తుంది. అన్నా బెలోరియో అనే పంతులమ్మ ఆమె పక్కన కూర్చుని కుట్టు నేర్చుకుని అమ్మాయిలకు నేర్పింది. ఆండ్రియానా మార్చెల్లో అనే జమీందారు కుటుంబపు స్త్రీ, పావ్లో ఫాంబ్రీ అనే నాయకుడు పూనుకుని బడి పెట్టించారు. జాలరి ఇళ్ల ఆడపిల్లలు ఆ బడిలో కళ్లు కాయలు కాసేలా కుట్టి ఇంటికి నాలుగు డబ్బులు తెచ్చారు. ఆ బడి 1970లో మూతపడింది. 1981లో అదే భవనంలో లేసు మ్యూజియం తెరిచారు. పెద్ద వయసు స్త్రీలు అక్కడ కూర్చుని కుడుతూ ఉంటారు, సందర్శకులు చుట్టూ నిలబడి చూస్తారు.

బయటికి వస్తే వీధంతా లేసు దుకాణాలే. చేతిరుమాళ్లు, గొడుగులు, పిల్లల గౌన్లు. వాటిల్లో చాలావరకు ఆ దీవిలో కుట్టినవి కావు, యంత్రాల మీదా, దూరదేశాల్లోనూ తయారై వచ్చినవి. తెలిసే కొంటాం. “ఎవరు చూడొచ్చారు, ఇంటికి తీసుకెళ్లి పంచడానికి చాలు” అంటాం. అసలు లేసు ధర చెబితే అమ్మో అని చెయ్యి వెనక్కి తీసుకుంటాం. వారాల తరబడి సూదిమీద కళ్లు పెట్టిన మనిషి కూలి అడిగితే మోసం, మూడు యూరోల నకిలీ బేరం. ఈ న్యాయం ఎక్కడిది?

ఇది చదివేవాళ్లలో కొందరికి నరసాపురం గుర్తొచ్చే ఉంటుంది. పశ్చిమ గోదావరి డెల్టాలో క్రోషా సూదితో లేసు అల్లికను 19వ శతాబ్దంలో మిషనరీలు నేర్పారు. అక్కడి నుంచి లక్షలాది దారపు పూలు ఐరోపా, అమెరికా ఇళ్లలో భోజనాల బల్లల మీదికి వెళ్లాయి. మరియా మీస్ అనే జర్మన్ సామాజిక శాస్త్రవేత్త ఆ స్త్రీల గురించి 1982లో పుస్తకం రాసింది. రోజంతా అల్లినా వాళ్లను పనివాళ్లు అనలేదట. తీరిక వేళ ఏదో చేసుకునే గృహిణులన్నారట. తీరిక అనగానే కూలి తగ్గించొచ్చు. లాభం ఎగుమతిదారు దగ్గరా దళారీ దగ్గరా ఆగింది. 2024లో నరసాపురం లేసుకు భౌగోళిక గుర్తింపు వచ్చింది, సంతోషం. ఆ గుర్తింపు ఊరికి వచ్చింది. అల్లిన చేతికి ఏమొచ్చిందో కొనేటప్పుడు అడగడం మన వంతు. గోదావరి గట్టున మన అక్కచెల్లెళ్ల కూలి గురించి గుండెలు బాదుకున్నవాళ్లం, బురానోలో మూడు యూరోల గొడుగు కొంటూ అదే లెక్కను ఇంకొకరి మీద రుద్దుతున్నాం. సూదీ కుట్టూ వేరైనా నడ్డి విరిగేది ఒకేలా.

చేపల ఊరన్నారు కదా, మరి చేపలేవి? నడక టూర్‌లో చేపల వేట కనబడదు. మనం హోటల్లో టిఫిన్ ముగించే వేళకు పడవలు తిరిగి వచ్చేసి ఉంటాయి. మనకు మిగిలేది హోటల్ మెనూలో ‘గో’ అనే బురద చేప రసంతో వండిన అన్నం. ఇక్కడి జాలర్లకు మరో విద్య ఉంది. వసంతంలోనూ శరత్కాలంలోనూ సరస్సు పీతలు డిప్ప విడుస్తాయి. విడిచిన కొద్ది గంటలు మాత్రమే వాటి ఒళ్లు మెత్తగా ఉంటుంది, ఆలోపు పట్టాలి. ఏ పీత ఇవాళ విడుస్తుంది, ఏది రేపు, ఏది ఈ పక్షానికి కాదు అనేది డిప్ప అంచు చూసి చెప్పగలిగిన మనుషులు వేళ్లమీద లెక్కపెట్టేంతమంది. బుట్టల్లో వేరుచేసి నీళ్లలో వేలాడదీసి, పూటపూటకూ తీసి చూస్తారు. ఈ మధ్య అట్లాంటిక్ అవతలి నుంచి వచ్చిపడ్డ నీలి పీత ఆ తీరమంతా పాకి, ఉన్నవాటిని తినేస్తోంది. 2023లో పో నది ముఖద్వారం దగ్గర తినే గుల్లల పెంపకందారులు దానివల్లే కుదేలయ్యారు. ఇవన్నీ గోడ రంగుల కంటే ఎంత ఆసక్తికరమైనవి! గైడ్‌ను అడగడమే ఆలస్యం, చాలామంది సంబరంగా చెబుతారు. మనం అడిగేది మాత్రం టాయిలెట్ ఎక్కడ, వై-ఫై ఉందా అని.

నియమాలు రాలేదని కాదు. 2024లో వెనిస్ నగరం టూర్ బృందాలను పాతికమందికి పరిమితం చేసింది, గైడ్ల లౌడ్‌స్పీకర్లను నిషేధించింది. ఆ నియమం మురానో, బురానో, టొర్చెల్లో దీవులకూ వర్తిస్తుంది. అదే ఏడాది ఏప్రిల్ 25 నుంచి, రద్దీగా ఉండే కొన్ని రోజుల్లో పగటి సందర్శకుల మీద అయిదు యూరోల ప్రవేశ రుసుము పెట్టారు. బురానోకు మాత్రం అది లేదు, అంటే ఇక్కడి గుమ్మం ముందు నిలబడటానికి ఇప్పటికీ ఖర్చు లేదు. క్యోటోలో గియోన్ ప్రాంతపు ప్రైవేటు సందుల్లోకి సందర్శకులను రానివ్వడం మానేశారు. సియోల్‌లో బుక్చోన్ పాత ఇళ్ల వీధుల్లో సాయంత్రం అయిదు దాటాక పర్యాటకులు తిరగకూడదు, తిరిగితే లక్ష వాన్ల జరిమానా. ఇంటికొచ్చిన చుట్టానికి “సాయంత్రం అయిదు తరవాత ఉండకండి” అని బోర్డు పెట్టాల్సి వచ్చిందంటే, ఆ బోర్డు కంటే ముందు ఎన్ని మర్యాదలు విఫలమై ఉంటాయి!

మనం వాళ్లకు డబ్బిస్తున్నాం కదా, పర్యాటకం లేకపోతే ఆ దీవి తిండికి అల్లాడదా అనేవాళ్లున్నారు. ఆ మాటలో నిజం లేకపోలేదు. 1872 చలికాలం కథ చెప్పేదే అది: వేట ఒక్కటే ఆ దీవిని నిలబెట్టలేకపోయింది. కానీ డబ్బు ఎవరి చేతికి వెళ్లిందో చూడాలి. వెనిస్ ఏజెంటు దగ్గర కొన్న టికెట్, వెనిస్ హోటల్లో తిన్న భోజనం, దూరదేశంలో తయారైన గొడుగు, వెనిస్‌కు తిరిగి ఎక్కిన పడవ. ఆ గంటలో బురానోకు మనం వదిలి వెళ్లింది నీళ్ల సీసాలూ అరుగు మీద అరిగిన రాయీ. డబ్బిచ్చామన్న సమర్థన నిలవాలంటే డబ్బు అక్కడ ఇవ్వాలి. భోజనం ఆ దీవిలో చేయాలి. వీలైతే ఒక రాత్రి అక్కడే ఉండాలి, అదీ ఊరివాళ్లు నడిపే గదిలో. లేసు కొంటే చిన్న ముక్కే అయినా అసలైనది కొనాలి, లేకపోతే కొనకుండా రావాలి.

ఇదంతా ఇటలీ గొడవ అనుకుంటే పొరపాటు. ఉప్పాడ దగ్గర సముద్రం ఒక్కో ఏడాది ఇళ్లను మింగుతోంది. తుపాను రోజుల్లో కెరటాలు బీచ్ రోడ్డు మీదికి విరుచుకుపడుతుంటే కాకినాడ నుంచి కార్లలో వెళ్లి వీడియోలు తీసేవాళ్లను చూడండి. కూలిన గోడ ముందు నిలబడి రెండు వేళ్లు చూపించి నవ్వే ఫొటో ఎంత సులువుగా పడుతుందో, ఆ గోడ మళ్లీ లేవడం అంత కష్టం. విశాఖ ఫిషింగ్ హార్బర్‌లో ముక్కు మూసుకుని ఎండుచేపల మధ్య తిరిగి, వలల మీద కాలు వేసి ఫొటోలు దిగేవాళ్లు మనవాళ్లే. ఆ పడవల మీద పెళ్లికి ముందు ఫొటోషూట్లు చేస్తున్నవాళ్లూ మనవాళ్లే. పడవ యజమానికి అద్దె ఇచ్చారా? ఇచ్చినవాళ్లు ఉంటే చాలా సంతోషం.

ఇక ముందు కథ పులికాట్‌లో ఉంది. ఆ సరస్సులో ఇరకం అనే దీవి, పడవలో తప్ప వెళ్లలేని ఊరు, వేటే బతుకైన జనం. ఫ్లెమింగోల కోసం సూళ్లూరుపేట దాకా వచ్చే జనం పెరుగుతున్నారు, పడవ షికార్లు కూడా వచ్చాయి. రేపు ఎవరో ఒకరు, ఇళ్లకు రంగులు కొట్టి రెండు సెల్ఫీ పాయింట్లు పెడితే బురానో అయిపోతుందంటారు. అనకముందే మనం అడగాల్సినవి ఉన్నాయి. ఆ రంగుకంటే ముందు తాగునీరూ ఆసుపత్రికి వెళ్లే పడవా వచ్చాయా? గైడ్లుగా ఆ ఊరి పిల్లలకే శిక్షణ ఇస్తారా? టికెట్ డబ్బులో ఊరి వాటా ఎంత? ఏ వీధిలోకి రానిస్తారు, ఏ వీధిలోకి రానివ్వరు? వేటకెళ్లే వేళల్లో, చావు జరిగిన ఇంటి ముందు, పండుగ రోజున బృందాలు ఆగుతాయా?

బురానో టికెట్ కొంటున్నవాళ్లూ ఏజెంటును ఇలాగే నిలదీయొచ్చు: బృందంలో ఎంతమంది, గైడ్ ఎక్కడివాడు, భోజనం ఎక్కడ. నలుగురు అడిగితే ఏజెంటు నవ్వేస్తాడు, నలభైమంది అడిగితే కరపత్రం మార్చి అచ్చువేస్తాడు. ఐరోపా యాత్రలు ఏర్పాటు చేసే తెలుగు సంఘాలు ఈ ప్రశ్నలను తమ బుకింగ్ ఫారంలోనే చేర్చవచ్చు. ఇరకం విషయంలో మరో పని కూడా మన చేతిలో ఉంది. రోజుకు ఎన్ని పడవలు, ఎంతమంది మనుషులు అనే లెక్కను ముందుగా గ్రామసభ తీర్మానించాలని జిల్లా యంత్రాంగానికి ఇప్పుడే, మొదటి బృందం బయలుదేరకముందే రాయాలి.